కొన్నమ్మ పేరులో సగం

మా అక్క పోయి ఇవాళ్టికి ఆరు రోజులు. మధ్యాహ్నం భోజనాలయ్యాక వాళ్ళబ్బాయి గుంటూరు నుంచి ఫోన్ చేశాడు. వెనకాల ఏదో మిషన్ చప్పుడు వినబడుతోంది.

"పిన్నీ, ప్రెస్సులో ఉన్నాను. పెద్దకర్మ కార్డు కొట్టించడానికి వచ్చాను. అమ్మ పేరు సైదాలక్ష్మి అని కాకుండా ఉత్త లక్ష్మి అని వేయిస్తే చాలంటున్నారు మావాళ్ళు. మీరేమంటారు?"

"ఎందుకట?"

"ఏం లేదు. కార్డు చాలామందికి వెళ్తుంది కదా. పిల్లకి సంబంధం కుదిరింది, అవతలివాళ్ళు కొత్తవాళ్ళు. ఆ పేరు చూసి ప్రతివాళ్ళూ అడుగుతారు. చెప్పడానికి నాకూ సరిగ్గా తెలీదు. ఏదో దర్గా మొక్కు, అంతే కదా?"

మావైపు ఆ పేరు వింటే ఎవరైనా అలాగే అనుకుంటారు. దర్గాకి మొక్కుకుని సైదమ్మ, మస్తానమ్మ, మస్తాన్‌రావు అని పిల్లలకి పేర్లు పెట్టుకున్న హిందువులు ప్రతి ఊళ్ళోనూ ఉన్నారు. ఎవరడిగినా అక్క కూడా "ఆఁ, మొక్కే" అనేసేది. నేనూ అదే చెప్పేదాన్ని. అది నిజం కాదు.

"ఫోన్లో వెతికాను పిన్నీ. సైదా అంటే దొరసాని అని ఉంది. దొరసాని లక్ష్మి." నవ్వబోయి ఆగిపోయాడు. "ఐదింటికి ప్రెస్సు కట్టేస్తాడు. ఈలోగా ఏదో ఒకటి చెప్పండి."

ఫోన్ పెట్టేసి కూర్చున్నాను. ఆ పేరుకి అర్థం ఫోన్లో దొరకదు. పిల్లల పేర్ల పుస్తకాల్లోనూ దొరకదు. ఆ పేరు ఎలా వచ్చిందో తెలిసినవాళ్ళలో ఇప్పుడు మిగిలింది నేను ఒక్కదాన్నే.

మా ఊరు చిలకలూరిపేటకి ఆరు మైళ్ళు. నల్లరేగడి. మా ఇంట్లో నాన్న, అమ్మ, నాయనమ్మ, అక్క, నేను. నాకంటే అక్క నాలుగేళ్ళు పెద్ద. ఎండలు ముదరక ముందు, మిరపకాయలు కళ్ళంలో ఎండుతున్న రోజుల్లో, ఊరంతా ఘాటుగా ఉండేది. గాలి మళ్ళితే చాలు, బళ్ళో పిల్లలందరం ఒకేసారి తుమ్మేవాళ్ళం. మాస్టారు కూడా తుమ్మేవాడు. ఇంట్లో అమ్మ పండుమిరపకాయల పచ్చడి నూరుతుంటే ఆ వాసన వేరు. బయటి ఘాటు ముక్కుకి, లోపలిది నోటికి.

ఆ రోజుల్లోనే పేట నుంచి దూదేకులవాళ్ళు వచ్చేవాళ్ళు. మొగుడూ పెళ్ళాం ఇద్దరే. ఆయన భుజాన మనిషి నిలువున్న విల్లు ఉండేది. అరుగు మీద కూర్చుని, రెండు కొసలా లావుగా ఉన్న కొయ్యతో ఆ విల్లు నారిని కొడుతుంటే పత్తి పొగలా లేచి మెత్తగా కింద పడేది. టుంయ్, టుంయ్ అని ఆ చప్పుడు పొద్దుటి నుంచి పొద్దువాలే దాకా. ఆయన మాట్లాడగా నేను పెద్దగా వినలేదు. మాటలన్నీ ఆమెవే. ఏకిన దూదిని పరుపుల్లో, దిండ్లలో కూరి, పెద్ద సూదితో కుట్టేది. కుట్టే ముందు ప్రతి దిండునీ రెండు చేతుల మీదా పెట్టుకుని ఒకసారి ఎగరేసేది. "దీనికి ఇంకో గుప్పెడు పడుతుంది" అనేది. తక్కెడ తెమ్మని ఎన్నడూ అడగలేదు. మా నాన్న ఒకసారి పంతానికి తూచి చూసి, తక్కెడ తిరిగి లోపల పెట్టేశాడు.

ఆమె పేరు సైదాబీ. అక్క మాత్రం ఆమెని కొన్నమ్మ అని పిలిచేది. కొనుక్కున్న అమ్మ అని.

ఆ కథ నాయనమ్మ చెప్పేది, మేము అడిగినప్పుడల్లా. అమ్మ వింటూ లోపలికి వెళ్ళిపోయేది.

అక్కకి ముందు అమ్మకి ముగ్గురు పుట్టారు. ఇద్దరు మగపిల్లలు, ఒక ఆడపిల్ల. ఒక్కరూ నెల దాటలేదు. నాలుగోసారి అక్క పుట్టిన రోజున అరుగు మీద దూది ఏకుతున్నారు. నాయనమ్మ బిడ్డని చాటలో పడుకోబెట్టి, ఆ చాట తీసుకెళ్ళి గొడ్ల చావిడి వెనక పెంటకుప్ప మీద పెట్టింది. అప్పట్లో బిడ్డలు దక్కని ఇళ్ళల్లో చేసే పనే అది. పెంట మీద పారేసిన బిడ్డని ఇంకెవరో వచ్చి మానెడు తవుడిచ్చి కొనుక్కుంటారు. అప్పుడు బిడ్డ ఆ ఇంటిది కాకుండా పోతుంది. ఆ ఇంటి మీద ఏ కన్ను పడిందో ఆ కన్ను ఈ బిడ్డని పట్టించుకోదని నమ్మకం. ఆ పూటే మళ్ళీ మానెడు తవుడిచ్చి తల్లిదండ్రులు వెనక్కి కొనుక్కుంటారు. అలా కొన్న పిల్లలకి పెంటమ్మ అనో, పుల్లమ్మ అనో పేరు పెట్టేస్తారు.

నాయనమ్మ సైదాబీని పిలిచి తవుడు చేతిలో పెట్టి పంపించిందట. సైదాబీ చావిడి చుట్టూ తిరిగి వచ్చి అడిగింది.

"ఎవరి బిడ్డమ్మా ఇది?"

"ఎవరి బిడ్డా కాదు. కావలిస్తే కొనుక్కో."

"ఎంతకిస్తారు?"

"మానెడు తవుడు."

తవుడు పోసింది. చాట ఎత్తుకుంది. ఇప్పుడు నాయనమ్మ తిరిగి కొనుక్కోవాలి. కానీ నాయనమ్మకి చేతులు రాలేదు. ముగ్గుర్ని మట్టిలో పెట్టిన మనిషి. మళ్ళీ మాది అన్న మరుక్షణం ఏమవుతుందోనని భయం.

"ఇవాళొద్దులేవే. నీదిగానే ఉండనీ. వచ్చే ఏడు చూద్దాం."

"అదేంటమ్మగారూ! పాలెవరిస్తారు?"

"పాలు మావి. పిల్ల నీది."

"మరి పేరు?"

"నీ పిల్ల, నీ పేరే పెట్టుకో."

సైదాబీ కాసేపు ఆలోచించిందట. "నా పేరు సగం చాలు. తక్కిన సగం మీ లక్ష్మమ్మ తల్లిది పెట్టండి. ఇద్దరిలో ఎవరో ఒకరికి చూసుకునే తీరిక ఉండకపోదు."

అలా సైదాలక్ష్మి. నాయనమ్మ ఆ మాట చెప్పి ప్రతిసారీ నవ్వేది, ప్రతిసారీ కళ్ళు తుడుచుకునేది.

వచ్చే ఏడు కొనలేదు. ఆ పై ఏడూ కొనలేదు. పిల్ల బోర్లాపడింది, నడిచింది, పళ్ళు ఊడి మళ్ళీ వచ్చాయి. నాయనమ్మ ప్రతి ఏడూ "ఇంకొక్క ఏడు" అనేది. నేను పుట్టేసరికి ఆ భయం కొంచెం తగ్గినట్టుంది, నన్ను ఏ చాటలోనూ పెట్టలేదు. అది నాకు చిన్నతనంగా ఉండేది. అక్కని ఒకరు కొనుక్కున్నారు, నన్నెవరూ కొనుక్కోలేదు. ఒకసారి నేనే చావిడి వెనక పెంటకుప్ప పక్కన పడుకుని ఎవరైనా వస్తారని ఎదురుచూశాను. పాలేరు వచ్చి, "లేమ్మాయ్, పేడ వెయ్యాలి" అన్నాడు.

ఆ రోజుల్లో మా ఇంట్లో జరిగినవన్నీ మంచివని చెప్పను. సైదాబీకి మంచినీళ్ళ గ్లాసు వేరే ఉండేది. వసారా చూరులో బోర్లించి ఉంచేవాళ్ళు. అన్నం విస్తట్లో పెట్టి అరుగు మీదికే ఇచ్చేవాళ్ళు. ఆమె గోంగూర కలుపుకుంటూ "ఉప్పు తక్కువైంది కోడలుగారూ" అని అమ్మని లోపలికి వినబడేలా కేకేసేది. అక్క మాత్రం ఆ చూరులో గ్లాసు తీసుకునే నీళ్ళు తాగేది. నాయనమ్మ కూడా ఏమీ అనలేకపోయేది. పిల్ల ఆమెది కదా. అక్క అన్నం ముద్ద తీసుకెళ్ళి కొన్నమ్మ విస్తట్లో కలుపుకుని తినేది. వాళ్ళు మా ఊళ్ళో ఉండే ఆ పది రోజులూ అక్క జుట్టు నిండా దూది పింజలే. "ముసలిదైపోయింది మీ అక్క" అని నన్ను ఏడిపించేది సైదాబీ.

అక్కకి పదకొండేళ్ళు వచ్చాయి. పేటలో హైస్కూల్లో వేయాలని నాన్న పట్టుబట్టాడు. మేనత్త ఒకామె వచ్చి చల్లగా ఒక మాట అనేసి పోయింది.

"రేపో మాపో పెద్దమనిషవుతుంది. అప్పటికీ ఎవరి పిల్లో తేలకపోతే రేపు సంబంధం వచ్చినవాళ్ళకి ఏం చెప్తారమ్మా? ఎవరి గుమ్మంలోంచి పంపిస్తారు?"

నాన్న ఆ పూటే తేల్చేశాడు. "ఈసారి దూదేకులవాళ్ళు రాగానే కొనేద్దాం. బళ్ళో ఉత్త లక్ష్మి అని రాయిస్తాను. ఇంకా ఎన్నాళ్ళమ్మా ఈ చాదస్తం?"

నాయనమ్మ ఆ రోజు అన్నం సరిగ్గా తినలేదు. తర్వాత తులసి కోట దగ్గర అమ్మతో మెల్లగా అంటుంటే నేను విన్నాను.

"దాన్ని మాది అనడానికి నోరు రావట్లేదే. మావి అనుకున్నవి ముగ్గురు పోయారు. కాదనుకున్నది ఒకటి నిలిచింది."

అమ్మ ఏమందో వినబడలేదు. నాకు ఏడేళ్ళు. నాకు అర్థమైంది ఒకటే. కొంటే అక్క చచ్చిపోతుంది.

సైదాబీ వచ్చింది. దూది ఏకడం మొదలైంది. మూడో రోజున ముహూర్తం. నాయనమ్మ మానెడు పట్టే తన పుట్టింటి ఇత్తడి మానికని చింతపండుతో తోమి, తవుడు తలకొట్టి నింపి, పైన గుడ్డ కప్పి అరుగు మీద గూట్లో పెట్టింది. అందరూ స్నానాల్లో ఉన్నారు. సైదాబీ మొగుడు చుట్ట కాల్చుకోవడానికి వెళ్ళాడు.

నేను మానిక తీసుకుని చావిట్లోకి పరిగెత్తాను. ముప్పాతిక తవుడు గేదె ముందు కుడితి గోలెంలో ఒంపేశాను. గేదె మూతి ముంచి బుసబుసా తాగింది. తిరిగి అరుగు మీదికి వచ్చి, ఏకిన దూది కుప్పలోంచి చేతికందినంత తీసి మానికలో కుక్కాను. అణిచి అణిచి కుక్కాను. పైన మిగిలిన తవుడు పోసి, చేత్తో చదును చేసి, గుడ్డ కప్పి, యథాప్రకారం గూట్లో పెట్టేశాను. తవుడు సరిగ్గా ముట్టకపోతే కొన్నట్టు కాదు కదా అని నా లెక్క. చేతులకంటిన తవుడు గౌనుకి తుడుచుకున్నాను.

అందరూ చేరారు. అక్కకి కొత్త పరికిణీ కట్టారు. సైదాబీ అక్కని తన పక్కన నిలబెట్టుకుంది. ఆ రోజు ఆమె జోకులేమీ వేయలేదు. ముఖం కడుక్కుని, తల దువ్వుకుని, కొంగు నిండుగా కప్పుకుని వచ్చింది. ఆమెకి ఇద్దరూ మగపిల్లలే.

జరగాల్సింది ఇది. నాయనమ్మ తవుడు ఆమె ఒళ్ళో పోయాలి. ఆమె "ముట్టింది, పిల్ల మీది" అనాలి. అప్పుడు పిల్ల ఇటు నడిచి రావాలి.

ఒళ్ళో పోస్తే దూది బయటపడుతుందన్న సంగతి నాకు అప్పుడు తట్టింది.

నాయనమ్మ మానిక ఎత్తింది. ఏడుస్తోంది, ఆమెకి బరువు తెలియలేదు. "ముందు చేతికివ్వండమ్మగారూ" అంది సైదాబీ. రెండు చేతులూ చాపి అందుకుంది. దిండుని ఎగరేసినట్టే ఒక్కసారి, కొద్దిగా, ఎగరేసింది.

అలాగే ఆగిపోయింది. గుడ్డ అంచు ఎత్తి చూడలేదు. దూది కుప్ప వైపు చూసింది. తర్వాత నా గౌను వైపు చూసింది. తర్వాత నా ముఖం. నేను తల దించుకున్నాను.

"పొయ్యనా?" అని నాయనమ్మ మానిక కోసం చెయ్యి చాపింది.

సైదాబీ మానికని కొంగులో చుట్టుకుంది. "ఈ మానిక కూడా ఇచ్చెయ్యండమ్మగారూ. పదకొండేళ్ళు పెంచాను. ఆ మాత్రం గుర్తు ఉండొద్దా?"

"దీని అసాధ్యం కూలా! అది నా పుట్టింటి మానికే!"

"పిల్లకంటే మానిక ఎక్కువా?"

నాన్న నవ్వేశాడు. నాయనమ్మ ఏడుపులోనే నవ్వింది. "సరే తీసుకుపో. ముట్టిందా మరి?"

"ముట్టింది" అంది సైదాబీ.

అక్క ఇటు నడిచి వచ్చింది. అమ్మ అక్కని పట్టుకుని ఎంతసేపు వదల్లేదో. అందరి ఎదుటా అమ్మ అక్కని అలా దగ్గరికి తీసుకోవడం నేను అదే మొదటిసారి చూశాను.

బళ్ళో చేర్చేరోజు నాన్న మమ్మల్నిద్దర్నీ తీసుకెళ్ళాడు. హెడ్మాస్టరు కలం సిరాలో ముంచి "పేరు?" అన్నాడు. నాన్న నోరు తెరిచేలోగా అక్క చెప్పేసింది.

"సైదాలక్ష్మి."

"లక్ష్మి అని చెప్పమన్నాను కదే" అన్నాడు నాన్న.

"నా పేరు సైదాలక్ష్మేనండీ" అంది అక్క, హెడ్మాస్టరుతో. ఆయన రాసేశాడు. బళ్ళో పిల్లలు చాలాకాలం "సైదా, సైదా" అని వెక్కిరించారు. అక్క పట్టించుకోలేదు. ఎందుకంత మొండిగా ఉందో మాకెవరికీ తెలియలేదు.

మరుసటి ఏడు సైదాబీ మానిక వెనక్కి తెచ్చింది. అందులో నాకొక చిన్న దిండు ఉంది, బొమ్మకి సరిపోయేంత, ఎర్ర గళ్ళ గుడ్డతో కుట్టినది. నాయనమ్మ అటు తిరిగినప్పుడు నా చెవి దగ్గర "నీ దూది నీకే" అంది. ఇంకెప్పుడూ ఆ మాట ఎత్తలేదు.

తర్వాత పేటలో దూది ఏకే మిషన్లు వచ్చాయి. పరుపులు దుకాణాల్లో అమ్మడం మొదలైంది. వాళ్ళు రావడం మానేశారు. సైదాబీ పోయినప్పుడు కబురు తెలిసి అక్క పేటకి వెళ్ళింది. అప్పటికి అక్కకి ఇద్దరు పిల్లలు. అక్కడ కూర్చున్న ఆడవాళ్ళలో ఎవరో "మీరేమవుతారమ్మా?" అని అడిగారట. "కూతుర్ని" అని చెప్పిందట. వాళ్ళు చోటిచ్చారట. అంతకంటే అక్క నాకేమీ చెప్పలేదు.

నేను మాత్రం నా సంగతి అక్కకి ఎన్నడూ చెప్పలేదు. చదువుకున్నాను, ఉద్యోగం చేశాను, పుస్తకాలు చదివాను. తవుడుకీ చావుకీ సంబంధం లేదని నాకు తెలుసు. అయినా అక్కకి జ్వరం వచ్చిందని తెలిసినప్పుడల్లా నాకు మొదట గుర్తొచ్చేది ఆ మానికే. కొనలేదు, ఏం కాదు, అనుకునేదాన్ని. డెబ్బై దాటిన మనిషి గురించి అలా అనుకునేదాన్ని.

పోయిన నెల గుంటూరు ఆసుపత్రిలో, మధ్యాహ్నం వేళ, గదిలో మేమిద్దరమే ఉన్నాం. బత్తాయి ఒలిచి పెడుతున్నాను. అక్క ఆసుపత్రి దిండుని చేత్తో నొక్కి చూసి, "ఇందులో దూదే లేదే" అంది. దిండు మీద తల వాల్చి, "గేదె ఆ రోజు తవుడంతా తాగేసిందా, కొంచెమైనా మిగిల్చిందా?" అంది.

బత్తాయి పళ్ళెంలో పెట్టేశాను.

"చూశావా?"

"స్నానం చేసొచ్చి జడ వేసుకుంటూ కిటికీలోంచి చూశాను. దూది కుక్కడం కూడా చూశాను. ఎందుకు చేశావో మాత్రం తెలీలేదు."

"కొంటే నువ్వు చచ్చిపోతావనుకున్నాను."

అక్క నా చెయ్యి తీసుకుంది.

"కొన్నమ్మకీ తెలుసు. ముట్టింది అంది కానీ, పిల్ల మీది అనలేదు. నువ్వు గమనించలేదా? ఆవిడ అబద్ధం ఆడలేదు. మరి నేనెలా ఆడతాను బళ్ళో? అందుకే మొత్తం పేరు చెప్పాను."

"అప్పుడే చెప్పొచ్చు కదే నాతో."

"చెప్తే నాయనమ్మ మళ్ళీ కొనేది." నవ్వింది. నవ్వుకి దగ్గు వచ్చింది. నీళ్ళు తాగించాను. "మీరు నన్ను కొననే లేదే. ఊరికే ఉండిపోయాను, ఇన్నాళ్ళూ."

నాలుగున్నరకి అబ్బాయికి ఫోన్ చేశాను. ఇదంతా చెప్పాను, ఇంత వివరంగా కాదు. మధ్యలో వాడు ఒక్కసారి కూడా ఊఁ అనలేదు. ఫోన్ కట్టయిందేమోనని ఆగాను.

"ఉన్నాను పిన్నీ" అన్నాడు. "వియ్యాలవారు అడిగితే ఏం చెప్పను?"

"తీరిగ్గా కూర్చోబెట్టి ఇదే చెప్పు."

ఐదింటికి ఐదు నిమిషాలుందనగా ఫోన్లో కార్డు ఫోటో వచ్చింది. పైన అక్క బొమ్మ, రెండేళ్ళ కిందటి పెళ్ళిలో తీసింది. కింద పేరు. ఒకే వరుసలో, మొత్తంగా. అక్షరాలు ఒక్కొక్కటే చూసుకుంటూ రెండుసార్లు చదివాను.

దాని కింద వాడి మెసేజ్: "అందిందా పిన్నీ? సరిగ్గా ఉందా?"

ముట్టింది అని రాశాను.